వీధి, నడక, వాహనం: ఓరుగల్లు నుంచి భద్రాచలం దాకా ఒక చారిత్రక పరిశీలన

ప్రవేశిక

నగర వీధుల నుంచి మోటారు వాహనాలను తొలగించి, వాటిని నడిచేవారికి అప్పగించాలనే ఆలోచన ఈనాడు కొత్తది కాదు. అయితే ఈ విషయాన్ని చర్చించే తెలుగు రచనలు చాలావరకు పాశ్చాత్య నగరాల పేర్లతోనే మొదలవుతాయి. డెన్మార్క్ రాజధాని కోపెన్‌హేగెన్‌లో స్ట్రోయెట్ అనే అంగడి వీధిని 1962 నవంబరులో వాహనాలకు మూసివేశారు. వ్యాపారం దెబ్బతింటుందని మొదట భయపడిన దుకాణదారులే తరువాత ఆ మార్పును సమర్థించారు. అక్కడి వాస్తుశిల్పి యాన్ గేల్ ఆ వీధిలో జనం ఎక్కడ నిలబడుతున్నారు, ఎక్కడ కూర్చుంటున్నారు, ఎంతసేపు మాట్లాడుకుంటున్నారు అని ఓపికగా లెక్కించి 1971లో ఒక గ్రంథం వెలువరించాడు. నగర ప్రణాళికా శాస్త్రంలో అది ప్రామాణిక గ్రంథమైంది. 2006 నాటి భారత జాతీయ పట్టణ రవాణా విధానం కూడా వాహనాల కదలిక కంటె మనుషుల కదలికే ముఖ్యమని ప్రకటించింది.

ఈ పరిణామక్రమంలో తప్పేమీ లేదు. కాని తెలుగు సాహిత్య చరిత్రను చదివినవారికి ఇక్కడొక సందేహం కలగడం సహజం. నడిచే మనిషి చుట్టూ అల్లుకున్న నగరాన్ని వర్ణించిన కావ్యం తెలుగులో ఆరేడు వందల ఏళ్ళ కిందటే ఉండగా, నడక వీధి అనే భావన దిగుమతి సరుకు ఎందుకైంది? దానికి మరోవైపు ఇంకో ప్రశ్న ఉంది. వాహనం లేని ఆ పాత వీధిలో నడిచే హక్కు ఎవరికి ఉండేది? ఓరుగల్లు, భద్రాచలం, హైదరాబాదు, యాదగిరిగుట్టల వీధుల ఆధారంగా ఈ రెండు ప్రశ్నలను పరిశీలించడం ప్రస్తుత వ్యాస ఉద్దేశం. ఖమ్మం, భద్రాచలం అటవీ సరిహద్దు ప్రాంతాన్ని ప్రధానంగా తీసుకోవడానికి కారణం ఉంది. నడక భక్తిగా, నిర్బంధంగా, వ్యాయామంగా ఒకే కాలంలో కనిపించే ప్రాంతాలు తెలుగునాట అరుదు.

పదాల సాక్ష్యం

దారిని సూచించే పదాలను అమరసింహుడు రెండు వేర్వేరు చోట్ల చెప్పాడు. పురవర్గంలో రథ్య, ప్రతోలి, విశిఖ అనేవి వీధికి పర్యాయాలుగా కనిపిస్తాయి. వీటిలో రథ్య శబ్దం రథం నుంచి పుట్టింది, అంటే వాహనం నడిచే దారి. వీథి శబ్దం మాత్రం ఆవళి, పంక్తి, శ్రేణి అనే వరుసవాచకాల సరసన కనిపిస్తుంది. వీథి అంటే మొదట దారి కాదు, వరుస. ఇళ్ళ వరుసకు ఆ పేరు వచ్చి, ఆ వరుసల నడుమ ఉన్న ఖాళీ జాగాకు సంక్రమించింది. తెలుగు జనం రథ్యను పండితులకు వదిలిపెట్టి వీధిని ఇంటి మాటగా చేసుకోవడం గమనార్హం.

ఆ మాట చుట్టూ అల్లుకున్న సమాసాలను చూస్తే ఈ సంగతి మరింత స్పష్టమవుతుంది. వీధి బడి, వీధి అరుగు, వీధి భాగవతం, వీధి నాటకం అనే వాటిలో దేనిలోనూ వీధి ఒక చోటి నుంచి మరో చోటికి పోయే మార్గం కాదు. చదువుకునే, కూర్చునే, ఆట చూసే స్థలం. ‘వీధికెక్కడం’ అంటే ఇంటి గుట్టు పదిమంది నోళ్ళలో పడడం. ‘వీధిన పడడం’ అంటే ఆశ్రయం పోవడం. ఒక జాతీయంలో వీధి సభ, మరొక దానిలో అనాథస్థితి. ఈ రెండో అర్థాన్ని నడక వీధుల ప్రణాళికలు రాసేవారు మరచిపోతుంటారు.

దీనికి భిన్నంగా నేడు ప్రభుత్వ పరిభాషలో ప్రధానస్థానం ఆక్రమించిన ‘రహదారి’ పారసీ ‘రాహ్‌దారీ’ నుంచి వచ్చింది. దారి కాపలా, దారి సుంకం, ప్రయాణానికి ఇచ్చే అనుమతిపత్రం దాని పాత అర్థాలు. ప్రయాణికుణ్ణి ఆపి లెక్కచూసే అధికార వ్యవస్థ ఆ మాట మూలంలోనే ఉంది. ఖమ్మం ప్రాంతపు వాడుకలో వినిపించే తొవ్వ, బాట, డొంక అనే మాటల్లో అటువంటి అధికారచ్ఛాయ లేదు. మనుషుల, పశువుల పాదాలు పడి ఏర్పడిన గీతలవి.

క్రీడాభిరామం: నడిచిన నగరం

సంస్కృత నాటకలక్షణకర్తలు చెప్పిన దశరూపకాలలో ‘వీథి’ ఒకటి. ఒకే అంకం, ఒకరిద్దరు పాత్రలు దాని లక్షణాలు. తెలుగులో ఆ పేరుతో ప్రసిద్ధికెక్కిన రచన క్రీడాభిరామం. రావిపాటి త్రిపురాంతకుని సంస్కృత ప్రేమాభిరామం దీనికి మూలం. మానవల్లి రామకృష్ణకవి దీనిని వెలుగులోకి తెచ్చాడు. కర్తృత్వం వినుకొండ వల్లభరాయనిదా, శ్రీనాథునిదా అన్న వాదం వేటూరి ప్రభాకరశాస్త్రి పీఠికతో బలపడి నేటికీ తెగలేదు. రూపకలక్షణాలకు అది ఎంతవరకు లోబడిందన్న చర్చ కూడా ఉంది. ఆ రెండు వాదాల జోలికి పోవడం ఇక్కడ అవసరం లేదు. ఇక్కడి ప్రయోజనానికి కావలసింది దాని నడక.

గోవింద మంచనశర్మ, టిట్టిభసెట్టి అనే ఇద్దరు మిత్రులు ఓరుగల్లు వీధుల్లో ఒక పగలంతా తిరగడమే ఇందులోని ఇతివృత్తం. వాళ్ళకు చేరవలసిన గమ్యమంటూ గట్టిగా లేదు. ఒకచోట ఏకవీరాదేవి గుడి, మరొకచోట మైలారదేవుని వీరభటుల సాహసకృత్యాలు, ఇంకొకచోట పల్నాటి వీరుల కథాగానం. పొట్టేళ్ళ పోరు, కోడిపందెం, పాములవాళ్ళ ఆట. రూక చెల్లించి పూటకూటింట భోజనం. మాచల్దేవి ఇంటి చిత్రశాల. కథను ముందుకు నడిపించేది సంఘటనల మధ్య కార్యకారణసంబంధం కాదు, పాదాలు. ఒక దృశ్యం దగ్గర ఆగడం, చూడడం, వ్యాఖ్యానించడం, కదలడం అనే క్రమమే ఆ రచన నిర్మాణం. గుర్రం మీదనో పల్లకిలోనో పోయేవాడికి ఈ కావ్యం సాధ్యం కాదు. వాహనం మీద ఉన్నవాడికి ఆగడం ఒక అంతరాయం, నడిచేవాడికి ఆగడం నడకలో భాగం. యాన్ గేల్ కోపెన్‌హేగెన్‌లో పుస్తకం పట్టుకుని లెక్కించింది కూడా ఈ ఆగడాలనే.

క్రీడాభిరామాన్ని కాకతీయానంతర సాంఘిక చరిత్రకు ఆకరంగా వాడుకున్న పరిశోధకులు అందులోని వృత్తులను, ఆహారాన్ని, వినోదాలను జాబితా వేశారు. ఆ శ్రమ విలువైనదే. కాని ఆ వివరాలన్నీ ఒక నడక క్రమంలో, వీధి వెంబడి వరుసగా అందాయన్న సంగతి ఆ జాబితాల్లో జారిపోయింది. వరుస అనే వీథి శబ్దార్థానికీ, ఆ రూపకం అల్లికకూ సంబంధం ఉన్నదని చెప్పడం సాహసం కాదు.

అయినప్పటికీ ఈ నగరచిత్రాన్ని ఆదర్శంగా ఎత్తిపట్టడం తగదు. ఆ మిత్రుల్లో ఒకడు విప్రుడు, మరొకడు వైశ్యుడు. ఏ వీధిలోనూ వాళ్ళను ఎవరూ అడ్డగించరు. స్త్రీలు ఆ కావ్యం నిండా ఉన్నారు. వాళ్ళు అమ్ముతారు, పాడతారు, పూజిస్తారు. కాని వాళ్ళు చూడబడేవాళ్ళు, తీరికగా తిరిగి చూసేవాళ్ళు కారు. తీరుబడిగా నడవడం ఒక అధికారమన్న సంగతి కావ్యం చెప్పకుండానే చెబుతుంది.

యాత్ర: దారి పొడవునా పాట

నగరం బయట నడకను వర్ణించిన గ్రంథాల్లో పాల్కురికి సోమనాథుని పండితారాధ్య చరిత్ర ముఖ్యమైనది. అందులోని పర్వతప్రకరణం శివరాత్రికి శ్రీశైలం పోయే యాత్రికుల గుంపులను చిత్రించింది. తుమ్మెద పదాలు, పర్వత పదాలు, ఆనంద పదాలు, వెన్నెల పదాలు వంటి జానపద గేయభేదాల పేర్లు తెలుగు పరిశోధకులకు దొరికినది ఈ నడక వర్ణనలోనే. నడకలో శ్రమ ఉంది, శ్రమకు లయ ఉంది, లయకు పాట పుట్టింది.

తిరుమలలో ఈ సంప్రదాయం మరో రూపంలో నిలిచింది. మోక్షగుండం విశ్వేశ్వరయ్య సూచనలతో రూపొందిన మొదటి ఘాట్ రోడ్డు 1944లో ప్రారంభమైంది. వాహనం కొండెక్కిన తరువాత మెట్ల దారి అడవిలో కలిసిపోవలసింది. అలా జరగలేదు. అలిపిరి దారిలో సుమారు 3550 మెట్లు నేటికీ యాత్రికులతో నిండి ఉంటాయి. తప్పనిసరి అయిన నడక వాహనం వచ్చాక ఎంచుకున్న నడకగా మారింది. కొండ మీద నాలుగు మాడవీధులు పాదరక్షలు సైతం విడిచి నడిచే జాగాలు. అక్కడ వాహనం దేవునిది మాత్రమే. హంస, గరుడ, గజ, అశ్వ వాహనాలు ఆ వీధుల్లో తిరుగుతాయి, మనుషులు వాటి వెంట నడుస్తారు. ‘వాహనం’ అనే మాట దేవళంలో ఒక అర్థాన్ని, బయట బస్టాండులో మరో అర్థాన్ని ఇవ్వడం చిత్రం.

భద్రాచలం: నది, వంతెన, వీధి

భద్రాచలం చరిత్రలో దారి ప్రశ్న మొదటి నుంచీ పాలనతో ముడిపడి ఉంది. నేలకొండపల్లికి చెందిన కంచర్ల గోపన్న పాల్వంచ పరగణా తహసీల్దారుగా, అబుల్ హసన్ తానీషా ఏలుబడిలో, 17వ శతాబ్దిలో ఇక్కడ ఆలయం కట్టించి రామదాసుగా ప్రసిద్ధుడయ్యాడు. ఆ తరువాత ఈ ప్రాంతం చేతులు మారుతూ వచ్చింది. నిజాం 1860లో దీనిని బ్రిటిషు వారికి అప్పగించాడు. ఎగువ గోదావరి జిల్లాగా కొంతకాలం మధ్యపరగణాలలో ఉండి, 1874లో మద్రాసు రాష్ట్రంలో చేరింది. 1959లో తూర్పుగోదావరి జిల్లా నుంచి ఖమ్మం జిల్లాకు మారింది. 2016 నుంచి భద్రాద్రి కొత్తగూడెం జిల్లాలో ఉంది.

ఇన్ని పాలనలు మారినా రవాణా విషయంలో నదిదే పెత్తనం. ఎగువ గోదావరిని పడవల దారిగా మార్చడానికి బ్రిటిషు ఇంజనీర్లు దుమ్ముగూడెం దగ్గర ఆనకట్ట, కాలువ నిర్మించారు. ఆ పథకాన్ని 1871లో వదిలివేశారు. దక్షిణపు ఒడ్డు నుంచి వచ్చే భక్తులకు సారపాక దాకా నేల, ఆపైన నీరు. 1965లో సారపాక, భద్రాచలం నడుమ వంతెన ప్రారంభమయ్యేదాకా రేవు దాటడం యాత్రలో భాగంగా ఉండేది. వంతెన తరువాత బస్సు గుడి దాపుకు చేరింది. యాత్ర రోజుల నుంచి గంటలకు కుదించుకుపోయింది. దీనిని నష్టంగా మాత్రమే చెప్పడం అన్యాయం. వృద్ధులకు, రోగులకు, పసిపిల్లల తల్లులకు దర్శనం అందుబాటులోకి వచ్చింది. నదికి ఆవలి మన్యం పల్లెలకు ఆసుపత్రి దగ్గరైంది. 2024లో రెండో వంతెన కూడా వాడుకలోకి వచ్చింది.

శ్రీరామనవమికి ఈ ఊరు ఏటా కొద్ది రోజులపాటు పూర్వరూపం ధరిస్తుంది. ఆలయ పరిసరాల్లో వాహనాల రాకపోకలను ఆపి, బండ్లను ఊరి శివార్లలో నిలుపుతారు. మిథిలా స్టేడియం వైపు పోయే వీధులు జనంతో నిండుతాయి. తూర్పుగోదావరి జిల్లా కోరుకొండ ప్రాంతపు భక్తులు వడ్లను గోటితో ఒలిచి తలంబ్రాలు తెస్తారు. ఆ రోజుల్లో వీధి మళ్ళీ వీధి భాగవతపు వీధి అవుతుంది: నిలబడతారు, కూర్చుంటారు, అక్కడే తింటారు, పక్కవాడి ఊరు పేరు అడుగుతారు. నగర ప్రణాళికాకారులు ఏళ్ళ తరబడి కృషి చేసి సాధించదలచిన స్థితి ఇక్కడ పంచాంగం ప్రకారం ఏర్పడుతుంది.

రెండు సందర్భాల్లో మాత్రం ఈ వీధులు వేరే కారణాల వల్ల వాహనాలను కోల్పోయాయి. 2020 ఏప్రిల్ 2న కోవిడ్ నిర్బంధంలో సీతారాముల కల్యాణం భక్తులు లేకుండా ఆలయంలోనే జరిగింది. వాహనాలూ లేవు, మనుషులూ లేరు. 2022 జూలైలో గోదావరి భద్రాచలం దగ్గర 71 అడుగులు దాటింది. 53 అడుగుల దగ్గరే మూడో ప్రమాద హెచ్చరిక జారీ అవుతుందన్నది గుర్తుంచుకుంటే ఆ వరద తీవ్రత తెలుస్తుంది. వంతెన మీద రాకపోకలు నిలిపివేశారు. వాహనం లేకపోవడం దానంతటదే మేలు కాదని చెప్పడానికి ఈ రెండూ చాలు.

1924: మూడు దారులు

నడక వీధుల చరిత్ర రాసేవారు 1962ను ప్రస్తావించినంతగా 1924ను ప్రస్తావించరు. ఆ సంవత్సరంలో కొద్ది నెలల వ్యవధిలో మద్రాసు రాష్ట్రంలో, దాని పొరుగున జరిగిన మూడు ఘటనలు దారి ఎవరిది అనే ప్రశ్న చుట్టూ తిరిగాయి.

మార్చి 30న తిరువాంకూరు సంస్థానంలో వైకోం సత్యాగ్రహం మొదలైంది. అది ఆలయప్రవేశ ఉద్యమం కాదు, ఆలయం చుట్టూ ఉన్న దారుల్లో నడిచే హక్కు కోసం జరిగిన ఉద్యమం. ఆ దారుల్లో పశువులు తిరగవచ్చు, నిమ్నకులాలుగా ముద్రపడిన మనుషులు తిరగరాదు. ఆగస్టులో మద్రాసు శాసనమండలిలో రెట్టమలై శ్రీనివాసన్ ప్రవేశపెట్టిన తీర్మానం ఆమోదం పొందింది. బహిరంగ దారులు, బావులు అన్ని కులాలవారూ వాడుకోవచ్చునన్నది దాని సారాంశం. భద్రాచలం అప్పుడు మద్రాసు రాష్ట్రంలోనే ఉంది. అయితే ఏజెన్సీ ప్రాంతాలకు ప్రత్యేక పాలనానియమాలు ఉండేవి. పైగా తీర్మానం ఆమోదం పొందడం వేరు, వీధిలో పాదం మోపడం వేరు. గుర్రం జాషువ గబ్బిలం కావ్యంలో గబ్బిలాన్ని దూతగా ఎంచుకోవడంలోని వ్యంగ్యం ఇక్కడ స్ఫురిస్తుంది. గుడిలోకి పోయే దారి మనిషికి మూసి, పక్షికాని పక్షికి తెరిచి ఉంది. ఆ కావ్యం వెలువడిన 1941 నాటికి కూడా స్థితి అదే. రాష్ట్రమంతటా ఆలయాలను అందరికీ తెరిచిన మద్రాసు ఆలయప్రవేశ శాసనం 1947లో గాని రాలేదు.

ఈ రెండింటి నడుమ, మే 7న, అల్లూరి సీతారామరాజు మరణించాడు. 1922లో మొదలైన ఆ పితూరీకి అటవీ చట్టాలు ఒక కారణం. గూడెం ఘాట్ రోడ్డు నిర్మాణం తక్షణ కారణాల్లో ఒకటి. నర్సీపట్నం నుంచి చింతపల్లి వైపు వేసిన ఆ దారి పనిలో డిప్యూటీ తహసీల్దారు బాస్టియన్ గిరిజనుల చేత చాలీచాలని కూలికి బలవంతంగా చాకిరీ చేయించాడు. గూడెం భద్రాచలానికి దూరమే గాని, తూర్పు కనుమల మన్యం ఒకే వరుస. దారి అంటే అభివృద్ధి అని పాఠ్యపుస్తకాలు చెబుతాయి. మన్యం జ్ఞాపకంలో దారి అంటే వెట్టి, సైనికులు, కలప బండ్లు కూడా.

వైకోంలో నడవనివ్వని దారి, మద్రాసులో నడవవచ్చునని కాగితం మీద తీర్మానించిన దారి, గూడెంలో తాము నడవని బండ్ల కోసం తామే రాళ్ళు కొట్టిన దారి. ఈ మూడింటిలోనూ మోటారు కారు ప్రధానం కాదు. కారు రాకముందే వీధి మీద పెత్తనం ఉంది. కారును తొలగించినంత మాత్రాన ఆ పెత్తనం పోదు.

మన్యంలో నడక

దుమ్ముగూడెం, చర్ల మండలాల లోపలి పల్లెల్లో నడకకు ఉన్న అర్థం వేరు. కోయ గూడేలు కొన్నింటికి వానాకాలంలో బండి పోయే బాట ఉండదు. ఛత్తీస్‌గఢ్‌లో 2005 తరువాత చెలరేగిన హింస నుంచి తప్పించుకుని వచ్చి అడవిలో స్థిరపడిన గుత్తికోయల నివాసాలకు 1980 నాటి అటవీ సంరక్షణ చట్టం అడ్డంకుల వల్ల రోడ్డు మంజూరు కావడం మరింత కష్టం. నిండుచూలాలిని డోలీలో మోసుకుంటూ వాగులు దాటించే దృశ్యాలు స్థానిక పత్రికల్లో ఏటా కనిపిస్తాయి. డోలీ కూడా ఒక వాహనమే, అయితే దానికి మనుషుల భుజాలే చక్రాలు. వాహనరహిత ప్రాంతం అనే మాటను ఈ గూడేల్లో ఉచ్చరిస్తే అది క్రూరపరిహాసం అవుతుంది.

అదే జిల్లాకు పొరుగున ఉన్న ఖమ్మం నగరంలో లకారం చెరువు కట్ట మీద నడకబాట ఉంది. ఉదయం, సాయంత్రం జనం అక్కడికి చేరుతారు. చాలామంది ద్విచక్రవాహనాల మీద, కార్లలో వచ్చి, వాటిని నిలిపి, నడిచి, మళ్ళీ వాటి మీదనే ఇంటికి పోతారు. తెలుగులో ఇప్పుడు ‘వాకింగ్’ వేరు, ‘నడక’ వేరు. ‘వాకింగ్‌కు వెళ్ళాడు’ అంటే ఆరోగ్యం మీద శ్రద్ధగలవాడు. ‘నడిచి వెళ్ళాడు’ అంటే బండి లేనివాడు. ఒకే క్రియకు రెండు తరగతులు ఏర్పడి, పై తరగతికి ఆంగ్లపదం దక్కింది. కమాన్ బజారు వంటి ఇరుకు అంగడి వీధుల్లో సరుకు మోస్తూ నడిచే హమాలీ చేసేది వాకింగ్ కాదు. ప్రణాళికల్లో కట్ట మీది నడకకు దక్కే శ్రద్ధ బజారులోని నడకకు దక్కకపోవడానికి ఈ భాషాభేదం ఒక సూచిక.

చార్మినార్, యాదగిరిగుట్ట: తొలగింపు ఎవరిది?

ఆధునిక కాలంలో తెలుగునాట నడక వీధికి పేరు మోసిన ప్రయత్నం చార్మినార్ పాదచారుల పథకం. 1591లో నిర్మించిన చార్మినార్ నాలుగు దారుల కూడలిలో, నాలుగు వైపులా తెరిచిన కమానులతో ఉంది. దాని కిందుగా, చుట్టుగా జనం నడిచిపోవడం దాని స్వరూపంలోనే ఉంది. 1908 మూసీ వరదల తరువాత ఏర్పడిన నగరాభివృద్ధి మండలి కాలంలో పత్తర్‌గట్టి దుకాణాల వరుస రూపుదిద్దుకుంది. ఎండ, వాన తగలకుండా నడవడానికి రాతి కమానుల వసారా దాని ప్రత్యేకత. 20వ శతాబ్ది రెండో సగంలో బస్సులు, ఆటోలు, పొగ ఆ కట్టడాన్ని చుట్టుముట్టాయి. ఏళ్ళ తరబడి సాగిన పథకం కింద చుట్టూ గ్రానైటు రాళ్ళు పరిచి, వాహనాలను ఆపే దిమ్మెలు పాతారు. 2021 అక్టోబరు 17 నుంచి కొన్ని ఆదివారాలు సాయంత్రం ‘ఏక్ షామ్ చార్మినార్ కే నామ్’ పేరుతో ఉత్సవం జరిపారు. అంతకు ముందు ఆగస్టులోనే ట్యాంక్‌బండ్ మీద ఆదివారం సాయంత్రం అయిదు నుంచి పది దాకా వాహనాలను ఆపడం మొదలైంది.

కట్టడానికి మేలు జరిగిందనడంలో సందేహం లేదు. చిక్కంతా బండి పెట్టుకుని గాజులు, పండ్లు, ముత్యాల దండలు అమ్మే చిల్లర వర్తకుల విషయంలో వచ్చింది. వాహనం తొలగిన జాగాలోకి సహజంగానే వాళ్ళు వచ్చారు. అప్పుడు వాళ్ళు కూడా అడ్డంకిగా కనబడ్డారు. 2014 నాటి వీధి వ్యాపారుల చట్టం సర్వే జరిపి, అమ్మకపు స్థలాలు నిర్ణయించేదాకా వారిని తొలగించరాదని చెబుతుంది. క్రీడాభిరామంలోని ఓరుగల్లు వీధి నుంచి అమ్మేవారిని, ఆడించేవారిని, పాడేవారిని తొలగిస్తే మంచనశర్మ, టిట్టిభసెట్టి ఆగవలసిన చోటే ఉండదు. చిల్లర వర్తకుడు వీధికి అడ్డం కాదు, వీధి నడిచేవాడి కోసం ఆగడానికి కల్పించిన కారణం.

యాదగిరిగుట్ట ఉదాహరణ ఇంకా సూటిగా ఉంటుంది. పునర్నిర్మాణం తరువాత 2022 మార్చి 28న ఆలయం తిరిగి తెరుచుకుంది. కొండ మీదికి ఆటోలను అనుమతించలేదు. భక్తులకు బస్సులు ఏర్పాటయ్యాయి. కొద్ది వారాలకు సొంత కారులో కొండెక్కేవారికి 500 రూపాయల రుసుము పెట్టారు. అంటే తొలగించింది వాహనాన్ని కాదు, ఒక తరగతి వాహనాన్ని. తరాలుగా గుట్ట దారి మీద బతికిన ఆటో డ్రైవర్లు దీర్ఘకాలం ఆందోళన చేశారు. 2024 ఆరంభంలో ఆటోలను తిరిగి అనుమతించారు. కొండ మీద ప్రశాంతత కోరుకున్నవారి వాదనలో న్యాయం లేకపోలేదు. కాని డబ్బు చెల్లించగలిగిన కారుకు ఆ ప్రశాంతతను భంగపరిచే హక్కు ఇచ్చి, ఆటోకు ఇవ్వకపోవడాన్ని ఏ నడక సిద్ధాంతమూ సమర్థించలేదు.

మళ్ళీ భద్రాచలం

ఇటీవల భద్రాచలంలో ఆలయ మాడవీధుల విస్తరణకు భూసేకరణ ప్రతిపాదన ముందుకు వచ్చింది. రామనవమి నాటి రద్దీ చూసినవారికి దాని అవసరం అర్థమవుతుంది. తొక్కిసలాట ప్రమాదం ఊహాజనితం కాదు. అయితే విస్తరణకు కావలసిన జాగా ఆలయాన్ని ఆనుకుని ఉన్న ఇళ్ళది. ఆ ఇళ్ళ అరుగుల మీదే ఉత్సవాల నాడు బయటి ఊళ్ళ యాత్రికులు కూర్చుంటారు. తిరువీధి సేవలో ఉత్సవమూర్తులు వచ్చినప్పుడు హారతి పట్టేదీ ఆ గడపల నుంచే. అమరుడు చెప్పిన వరుస అనే అర్థంలో ఇళ్ళను తీసేసి వీధిని వెడల్పు చేస్తే మిగిలేది రథ్య. నష్టపరిహారం లెక్క కట్టేటప్పుడు గజాల విలువ లెక్కకు వస్తుంది, గడప విలువ రాదు.

ఈ ఊరి విషయంలో మరొక చిక్కు కూడా ఉంది. 2014 విభజనలో భద్రాచలం పట్టణం తెలంగాణలో ఉండి, చుట్టుపక్కల గ్రామాలు ఆంధ్రప్రదేశ్‌కు పోయాయి. ఆలయ మాన్యాలున్న పురుషోత్తపట్నం, జటాయువు పడినచోటుగా స్థలపురాణం చెప్పే ఎటపాక ఇప్పుడు పొరుగు రాష్ట్రంలో ఉన్నాయి. పర్ణశాలకు పోయే యాత్రికుడు భద్రాచలం దాటగానే ఆంధ్రలో అడుగుపెట్టి, కొంతదూరం పోయాక మళ్ళీ తెలంగాణ నేల మీదికి వస్తాడు. వాహనాలను ఊరి వెలుపల నిలిపి భక్తులను నడిపించాలంటే ఆ వెలుపల అనేది మూడువైపులా మరో ప్రభుత్వపు అధీనంలో ఉంది. ఎటపాక, గుండాల, పురుషోత్తపట్నం, కన్నాయిగూడెం, పిచుకలపాడు పంచాయతీలను తిరిగి ఇవ్వాలన్న తెలంగాణ కోరిక ఇంకా తేలలేదు. అంతవరకు నవమి నాడు బండ్లు నిలపవలసిన జాగా ఏ ప్రభుత్వం చూపాలన్నది ఏటా రెండు రాష్ట్రాల అధికారులు కూర్చుని మాట్లాడుకోవలసిన సంగతి.